మైన్‌క్రాఫ్ట్ బీటా 1.7.3: ఇప్పటికీ నేను ఆడేది ఇదే

దిమ్మెలు తవ్వి, పేర్చి కట్టుకునే వీడియో గేమ్ మైన్‌క్రాఫ్ట్‌లో కొత్త వెర్షన్ ఏది వచ్చినా ఒకసారి ఆడి చూస్తాను, కొన్నాళ్లకే మళ్లీ పాత బీటా (పూర్తి విడుదలకు ముందటి) వెర్షన్ 1.7.3కి వచ్చేస్తాను. ఇది 2011 జులై నాటిది. అదే ఏడాది సెప్టెంబరులో వచ్చిన బీటా 1.8తో ఆకలి, పరుగు, ఎక్స్‌పీరియన్స్ పాయింట్లు, ఎండర్‌మెన్ అనే పొడుగాటి నల్ల జీవులు, ఊళ్లు అన్నీ ఒక్కసారే వచ్చిపడ్డాయి. ఆట పెద్దదైంది, కాదనను. నాకు మాత్రం అంతకు ముందున్నదే నచ్చింది.

తిండి సంగతే చూడండి. ఇందులో ఆకలి లేదు, తినగానే ప్రాణం వస్తుంది, కాల్చిన పంది మాంసం ఒక్కటి తింటే నాలుగు గుండెలు (ప్రాణాన్ని చూపే గుర్తులు) అక్కడికక్కడే నిండుతాయి. వింటే చాలా తేలిక అనిపిస్తుంది గానీ గాయం దానంతటది మానదు, పైగా తిండి ఇన్వెంటరీలో (మన సామాను పెట్టుకునే గడుల్లో) ఒకే గడిలో పోగుపడదు, ఒక్కో రొట్టెకీ ఒక్కో గడి పోయినట్టే (కుకీలకి కాస్త మినహాయింపు ఉందిలెండి). అందుకే గనిలోకి దిగే ముందు ఇన్వెంటరీ తెరుచుకుని, నాలుగు రొట్టెలు పెట్టుకోవాలా, రెండింటితో సరిపెట్టి ఆ గడులు ఇనుముకి వదలాలా అని తర్జనభర్జన పడాల్సిందే. లోపల చీకట్లో స్కెలిటన్ వరసగా రెండు బాణాలు వేసిందంటే ఇక చూడాలి మన టెన్షన్!

పరుగు లేదు కాబట్టి దూరం అంటే దూరమే. అటూ ఇటూ నడిచి విసుగొచ్చి మనమే దారి వేస్తాం, టార్చిలు పెడతాం, ఇనుము కూడబెట్టి పట్టాలు పరుస్తాం. కొత్త వెర్షన్లలోని ఎలిట్రా రెక్కలు తగిలించుకుని ఎగిరిపోయేవాడికి వంతెనతో ఏం పని?

చివర్లో ఓడించాల్సిన ఎండర్ డ్రాగన్ లేదు, పనిముట్లకి మంత్రశక్తి ఇచ్చే ఎన్‌చాంట్‌మెంట్లు లేవు. డైమండ్ పికాక్స్ (వజ్రపు గునపం, అన్నిటికన్నా గట్టి తవ్వే పనిముట్టు) చేతికొచ్చాక ఆట మనకి పనేమీ చెప్పదు. కొందరికి అక్కడితో బోర్ కొడుతుంది, నాకు అసలు ఆట అక్కడే మొదలవుతుంది. పైగా ఆ కొండలు! ఎత్తు 128 బ్లాకులే అయినా ముందుకి వేలాడే రాతి చూరులు, గాల్లో నిలిచిపోయిన మట్టి ముక్కలు, ఏ లెక్కకీ అందవు, చూడగానే వాటి మీద ఇల్లు కట్టాలనిపిస్తుంది.

చిరాకులూ ఉన్నాయి. పడవ దేనికైనా గట్టిగా తగిలితే చెక్కలూ పుల్లలూ అయిపోతుంది. మెట్లు పగలగొడితే మెట్లుగా తిరిగి రావు. ఆవుని చంపితే తోలే, కోడిని చంపితే ఈకలే, మాంసం రాదు. చుట్టూ వెలుతురు చూసుకోకుండా పడుకుంటే మంచం పక్కన జాంబీ ఉంటుంది. ఎగురుతూ, అంతులేని దిమ్మెలతో కట్టుకునే క్రియేటివ్ మోడ్ లేదు, కాబట్టి ఎత్తుగా ఏం కట్టాలన్నా మట్టి దిమ్మెలు పేర్చుకుంటూ ఎక్కడమే, జారితే మీ ఖర్మ.

జావా ఎడిషన్ (కంప్యూటర్‌లో ఆడే మైన్‌క్రాఫ్ట్) ఉన్నవాళ్లు విడిగా ఏమీ కొనక్కర్లేదు, లాంచర్‌లో పాత వెర్షన్లు చూపించే ఆప్షన్ ఆన్ చేస్తే జాబితాలో కనిపిస్తుంది. దీనికి వేరే ఫోల్డర్ పెట్టుకోండి, కొత్త వెర్షన్‌లో కట్టుకున్న వరల్డ్ మాత్రం ఇందులో నడవదు.