బెర్లిన్‌లోని తెలుగువాళ్లకు హెచ్చరిక: ఆ శనివారం అడవి నడకకు డబ్బు కట్టకండి

మొన్న శనివారం గ్రూనెవాల్డ్ అడవిలో పుట్టగొడుగులు గుర్తుపట్టడం నేర్పిస్తానన్న మనిషికి ముగ్గురికి కలిపి 135 యూరోలు కట్టాను. ఆ ప్రకటన మీలో చాలామంది చూసే ఉంటారు. దయచేసి వెళ్లకండి. అతడు మా బుట్టలో డెత్ క్యాప్ అనే ప్రాణాంతకమైన విషపు పుట్టగొడుగు వేసి ఇంటికి పంపాడు. ఈ వాక్యం రాస్తుంటే ఇప్పటికీ ఒళ్లు వణుకుతోంది.

ఆ రోజు వెతికింది ఇక్కడివాళ్లు టోయ్‌బ్లింగ్ అనే రుసులా జాతి కోసం. విరిస్తే కాడ సుద్దముక్కలా పుటుక్కున విరుగుతుంది, నార ఉండదు. గొడుగు కింది రేకులు చాలావాటిలో వేలు తగిలితేనే పెళుసుగా రాలిపోతాయి. ఎరుపు, ఊదా, పసుపు, ఆకుపచ్చ, ఎన్నో రంగుల్లో ఉంటాయి. చిన్న ముక్క నమిలి ఉమ్మేయాలి, నాలుక మండితే పారేయాలి, మండకపోతే వండుకోవచ్చని ఇక్కడ ఒక నియమం. అది యూరప్‌లో చెల్లే నియమమే, కానీ చేతిలో ఉన్నది టోయ్‌బ్లింగేనని తేలిన తర్వాత మాత్రమే. ఆ రెండో సగం అతడు చెప్పనే లేదు. డెత్ క్యాప్ కమ్మగానే ఉందని తిని బతికినవాళ్లు చెప్పారు. జపాన్, చైనాల్లో కారం లేని ఒక రుసులానే తిని, కండరాలు దెబ్బతిని చనిపోయినవాళ్లున్నారు. నాలుకను నమ్మి ప్రాణం అప్పగించడం ఎలా?

మా అమ్మ వరంగల్ దగ్గర పల్లెలో పెరిగింది. వానాకాలంలో చెదపుట్టల మీద లేచే పుట్టగొడుగులను వాళ్లు పుల్లతో తవ్వి, పొడవాటి వేరుతో సహా పైకి తీసేవాళ్లు. ఇతడేమో కత్తితో నేలకు రెండు వేళ్ల ఎత్తున కోసి బుట్టలో పడేస్తున్నాడు. "మొదలు చూడకుండా కోస్తున్నాడేమిటిరా?" అంది అమ్మ. నేను అదే అతడిని అడిగాను. నవ్వాడు. "ఇది ఇండియా కాదు. ఈ అడవి నాకు తెలుసు, మీ అమ్మగారిని చెట్లు చూసి ఆనందించమనండి" అన్నాడు. పదిమంది ముందు. నేను అతడికి బదులు చెప్పాల్సింది పోయి, "ఆయనకు తెలుసులే అమ్మా, ఊరుకో" అన్నాను. అమ్మ ఇక సాయంత్రం దాకా నోరు విప్పలేదు. డబ్బు పోయినందుకు కాదు, ఆ మాట అన్నందుకు నాకు నిద్ర పట్టడం లేదు.

మా కింది అంతస్తు పెద్దావిడ బుట్ట చూసి, పుట్టగొడుగులు చూసి ఏది తినొచ్చో చెప్పే సలహాదారుకు చూపించకుండా పొయ్యి మీద పెట్టవద్దని గట్టిగా చెప్పబట్టి బతికిపోయాం. ఆదివారం ఉదయం ఆ సలహాదారు దగ్గరికి వెళ్తే, ఆయన బల్ల మీద పాత పేపరు పరిచి ఒక్కొక్కటే పెట్టారు. ఆకుపచ్చవి ఐదు. నాలుగింటి గొడుగు మీద ఎండిన చెరువు నేలలా పగుళ్లు. ఐదో దానికి పగుళ్లు లేవు, పట్టుగుడ్డలా నున్నగా ఉంది. కాడ విరిస్తే విరగలేదు, నారలు నారలుగా చీలింది. పైభాగంలో తెల్లటి పొర చిరుగు ఒకటి అంటుకుని ఉంది. ఆయన తల ఎత్తి, "దీని పాదం ఏది?" అని అడిగారు. పాదం ఎక్కడుంది, కత్తి కింద అడవిలోనే ఉండిపోయింది! డెత్ క్యాప్‌ను పట్టిచ్చే తెల్లటి సంచి ఉండేది అక్కడే. ఆ పుట్టగొడుగు ఒక్కటే ఎదిగిన మనిషి ప్రాణం తీయడానికి చాలునట. ఎంత ఉడికించినా ఆ విషం పోదు. వాంతులు, విరేచనాలు మొదలవడానికే సాధారణంగా ఆరు గంటలకు పైగా పడుతుంది, తర్వాత తగ్గినట్టే ఉండి కాలేయం దెబ్బతింటుంది. ముక్కలు కలిసిపోయాయని ఆయన బుట్ట మొత్తం పారేయించారు. ఒక్క సెంటు తీసుకోలేదు.

ఆ నేర్పేవాడికి ఫోను చేశాను. "ఇంటికి తీసుకెళ్లినవి మీ బాధ్యత అని సంతకం పెట్టారు కదా" అని పెట్టేశాడు. క్షమించమన్న ఒక్క మాట లేదు. మా ఎనిమిదేళ్ల బాబు ఆ రాత్రి వాటితో వేపుడు చేయమని ఎంత మారాం చేశాడో వాడికేం తెలుసు?

2015లో సిరియా నుంచి వచ్చిన శరణార్థులు డెత్ క్యాప్ తిని హానోవర్‌లో ఆస్పత్రి పాలయ్యారు. మన వరిగడ్డి పుట్టగొడుగుకు కూడా మొదట్లో అలాంటి సంచే ఉంటుంది, కాబట్టి ఊళ్లో చూసిన పోలికను ఇక్కడ నమ్మకండి. ఏది తీసినా మొదలుతో సహా తవ్వి తీయండి, తెలియనివి వేరే సంచిలో పెట్టండి. జర్మన్ మైకాలజీ సొసైటీ (పుట్టగొడుగుల శాస్త్ర సంఘం) వెబ్‌సైటులో పిన్‌కోడ్ ప్రకారం సలహాదారుల పేర్లుంటాయి, తినే ముందు వాళ్లకు చూపించండి. పొరపాటున తిన్నామని అనుమానం వస్తే లక్షణాల కోసం ఎదురుచూడకుండా బెర్లిన్ విష సహాయ కేంద్రానికి 030 19240కు ఫోను చేయండి, మిగిలిన ముక్కలు పారేయకుండా దాచండి.