అమీర్‌పేటలో మెడికల్ కోడింగ్ కోచింగ్: ఆల్కహాల్ కోడ్స్ క్లాస్ కోసమైనా చేరొచ్చు

అమీర్‌పేటలో మైత్రివనం చుట్టుపక్కల మెడికల్ కోడింగ్ బోర్డు లేని బిల్డింగ్ వెతుక్కోవాలి. ఏది మంచిదని అడిగితే ఎవరి సీనియర్ ఎక్కడ చేరితే వాళ్లు ఆ పేరే చెప్తారు. నేను ఈ ఇన్‌స్టిట్యూట్ గురించి ఇంత రాయడానికి కారణం ఒక్క చాప్టర్. ఐసీడీ-10-సీఎంలో, అంటే అమెరికాలో రోగుల జబ్బులకి వేసే కోడ్స్ పుస్తకంలో, ఐదోది, మానసిక ఆరోగ్యానిది, అందులోనూ ఎఫ్10, అంటే తాగుడుకు సంబంధించిన కోడ్స్. చాలా చోట్ల "చిన్న టాపిక్కే, బట్టీ పట్టేయండి" అని గంటలో దాటించేస్తారు. ఇక్కడ మేడమ్ అలా వదల్లేదు.

పుస్తకం తెరవక ముందే అందరి చేతికి ఒక ప్రాక్టీస్ చార్ట్, అంటే రోగి రికార్డు, ఇచ్చారు. 45 ఏళ్ల మనిషి, ఆఖరిసారి తాగి రెండు రోజులైంది, చేతులు వణుకుతున్నాయి, చెమటలు. రాత్రి గోడ మీద పురుగులు పాకుతున్నాయన్నాడని నర్సు నోట్‌లో ఉంది. పైన హిస్టరీలో "ఆల్కహాల్ అబ్యూజ్" (హాని చేసేలా తాగడం) అని ఉంది, కింద డాక్టర్ అసెస్‌మెంట్‌లో "ఆల్కహాల్ డిపెండెన్స్ విత్ విత్‌డ్రాయల్" (తాగుడుకి బానిసై, ఆపగానే వచ్చే ఇబ్బందులు) అని ఉంది. కోడ్ వేయమన్నారు. సగం మంది అబ్యూజ్‌కి ఒకటి, డిపెండెన్స్‌కి ఒకటి వేశారు, ఇంకొందరు పురుగుల మాట చూడగానే డెలీరియం (స్పృహ గందరగోళమయ్యే స్థితి) అనుకుని ఎఫ్10.231 రాసేశారు.

అప్పుడు మొదలైంది అసలు పాఠం. యూజ్, అబ్యూజ్, డిపెండెన్స్ ఈ మూడింట్లో ఒకటికి మించి ఒకే చార్ట్‌లో ఉంటే అన్నీ వేయకూడదు, పెద్దది ఒక్కటే వేయాలి. అబ్యూజ్, డిపెండెన్స్ రెండూ ఉంటే డిపెండెన్సే. ఇది గైడ్‌లైన్స్‌లో స్పష్టంగా ఉంది కాబట్టి సగం పని తేలిపోయింది. మరి పురుగుల సంగతి? భ్రమలతో కూడిన విత్‌డ్రాయల్‌కి ఎఫ్10.232, డెలీరియంకి ఎఫ్10.231, రెండూ కాక ఊరికే విత్‌డ్రాయల్ అని ఉంటే ఎఫ్10.239. డాక్టర్ ఆ భ్రమల గురించి ఒక్క ముక్క రాయలేదు, నర్సు రాసింది. నర్సు నోట్ చూసి రోగనిర్ధారణ చేసే అధికారం కోడర్‌కి లేదు, డాక్టర్‌కి క్వెరీ పంపాలి, జవాబు వచ్చేదాకా చార్ట్ హోల్డ్‌లో పెట్టాలి. దానికి వెంటనే ఇంకో మెలిక చెప్పారు. రక్తంలో ఆల్కహాల్ ఎంత ఉందో చెప్పే వై90 కోడ్స్ మాత్రం డాక్టర్ కాక వేరే క్లినీషియన్ రాసిన దాన్నుంచి కూడా తీసుకోవచ్చు, కాకపోతే దానికి సంబంధించిన డయాగ్నోసిస్ డాక్టరే రాసి ఉండాలి. ఈ తేడా ఎవరూ ఇంత విడమరచి చెప్పగా నేను వినలేదు.

ఇంకోటి కూడా బాగా పట్టి చెప్పారు. చార్ట్‌లో "అప్పుడప్పుడు తాగుతాడు", "సోషల్ డ్రింకర్" అని కనిపించగానే చేతులు ఎఫ్10.9, అంటే యూజ్ కోడ్, వైపు పోతాయి. పోకూడదు. ఆ తాగుడు వల్ల ఒక జబ్బో, మానసిక సమస్యో ఉందని డాక్టర్ ముడిపెట్టి రాస్తేనే ఆ కోడ్. అలాగే సిర్రోసిస్ (లివర్ గట్టిపడే జబ్బు) ఉంది, మనిషి తాగుతాడు అని రెండూ పక్కపక్కన కనిపించినంత మాత్రాన ఆల్కహాలిక్ సిర్రోసిస్, కే70.30, వేసేయకూడదు, డాక్టర్ ఆ మాట రాయాలి. రాస్తే కే70 పక్కన ఎఫ్10 కూడా వేయాలని పుస్తకంలోనే సూచన ఉంది.

ఇదంతా ఎందుకు ఇంత పట్టింపు అని ఒకబ్బాయి అడిగాడు. మేడమ్ చెప్పిన జవాబు నాకు చాలా నచ్చింది. మనం హైటెక్ సిటీలో ఏసీలో కూర్చుని గంటకి ఇన్ని చార్ట్స్ అని టార్గెట్ చూసుకుంటూ వేసే కోడ్, అక్కడ అమెరికాలో ఒక మనిషి రికార్డులో ఏళ్ల తరబడి ఉండిపోతుంది, తర్వాత చూసే ప్రతి డాక్టర్ ముందు అదే చూస్తాడు. మన దగ్గర కూడా ఆరోగ్య బీమా పాలసీల్లో తాగుడు వ్యసనానికి, దాని పర్యవసానాలకి అయ్యే చికిత్స ఖర్చు ఇవ్వరు, బీమా నియంత్రణ సంస్థ ఐఆర్‌డీఏఐ ప్రామాణిక మినహాయింపుల్లో అది 12వది. కాగితం మీద ఒక మాట తేడాగా పడితే ఒక కుటుంబం లక్షలు చేతి నుంచి పెట్టుకోవాల్సి రావచ్చు. నేను కూడా ఆ మాటే నమ్ముతాను. ఈ పని స్పీడ్ పని కాదు, మనుషుల పని.

డీఎస్ఎం-5 (మానసిక జబ్బుల్ని నిర్ధారించడానికి వాడే అమెరికా పుస్తకం) భాగం కూడా తీరిగ్గా చెప్పారు. 2013లో అమెరికా సైకియాట్రీ వాళ్లు అబ్యూజ్, డిపెండెన్స్ అనే విభజన తీసేసి రెండింటినీ ఆల్కహాల్ యూజ్ డిజార్డర్ అని కలిపేశారు. మొత్తం 11 లక్షణాలు. ఏడాదిలో రెండు మూడు కనిపిస్తే మైల్డ్, నాలుగైదు అయితే మోడరేట్, ఆరు, ఆపైన ఉంటే సివియర్. కానీ కోడ్ పుస్తకంలో పాత విభజనే ఉంది కదా, అందుకని మైల్డ్ అంటే ఎఫ్10.10, మోడరేట్ అయినా సివియర్ అయినా ఎఫ్10.20. డాక్టర్ తీవ్రత రాయకుండా వదిలేస్తే మనం లక్షణాలు లెక్కపెట్టి తేల్చకూడదు, మళ్లీ క్వెరీయే. మానేసినవాళ్లకి రెమిషన్ కోడ్స్, ఎఫ్10.11, ఎఫ్10.21, అవీ డాక్టర్ రాస్తేనే.

మధ్యలో మన కల్లు కాంపౌండ్ల ప్రస్తావన తెచ్చారు, అక్కడ క్లాసంతా లేచి కూర్చుంది. ఆల్ప్రాజోలం లాంటి మందు కలిపిన కల్లు తాగి తాగి, అది దొరకని రోజు వణుకుతో, ఫిట్స్‌తో ఆస్పత్రికి వచ్చిన మనిషికి విత్‌డ్రాయల్ దేనిది? డాక్టర్ సెడేటివ్ (మత్తు, నిద్ర తెప్పించే మందు) విత్‌డ్రాయల్ అని రాస్తే అది ఎఫ్10 కాదు, ఎఫ్13. ఇక్కడి నుంచి మెట్రోలో మూడో స్టేషన్ ఎర్రగడ్డ, 2020 మార్చి లాక్‌డౌన్‌లో వైన్ షాపులు మూతపడినప్పుడు అక్కడి మానసిక ఆస్పత్రికి ఎంతమంది పరుగెత్తారో మనం పేపర్లో చదివినవాళ్లమే. ఆ మనుషులు గుర్తొచ్చాక విత్‌డ్రాయల్ కోడ్స్ మళ్లీ మర్చిపోలేం.

ఇక బాగోలేనివి. మెటీరియల్ ఘోరం. పాత ఎడిషన్ నుంచి తీసిన జిరాక్స్ పుస్తకం, కొన్ని పేజీల్లో పక్క కాలమ్ సగం కోసుకుపోయి ఉంది. అబ్యూజ్‌తో విత్‌డ్రాయల్‌కి ఎఫ్10.13 సిరీస్ 2020 అక్టోబర్ నుంచి ఉంది, యూజ్‌కి రెమిషన్ కోడ్ ఎఫ్10.91 2022 అక్టోబర్‌లో వచ్చింది, రెండూ అందులో లేవు. మేడమ్ బోర్డు మీద రాస్తే మేం మార్జిన్‌లో రాసుకున్నాం. ప్రతి ఏడాది అక్టోబర్ 1న కోడ్స్ మారే సబ్జెక్ట్‌లో అంత ఫీజు తీసుకుని ఇలాంటి కాగితాలు ఇవ్వడం పద్ధతి కాదు. ఆఫీసులో చెప్తే "చూస్తాం" అన్నారు, అంతే.

ప్లేస్‌మెంట్ గురించి డెమో రోజు రిసెప్షన్‌లో చెప్పేది నమ్మి డబ్బు కట్టకండి. నూటికి నూరు శాతం అంటారు. రసీదు మీద ఆ మాట రాసివ్వమంటే మాట మారుస్తారు. ఇంటర్వ్యూలకి పంపుతారు, అది నిజమే, ఉద్యోగం మాత్రం మన చదువు మీదే. అనాటమీ క్లాసులు వేరే సార్ తీసుకుంటారు, పర్వాలేదు. రూమ్ ఇరుకు, సాయంత్రం బ్యాచ్‌లో వెనక బెంచీలకి వినబడదు, ముందుగా వెళ్లి కూర్చోండి.

బీఫార్మసీ, నర్సింగ్, లైఫ్ సైన్సెస్ చదివినవాళ్లకి నేను చెప్పేది ఇది. చేరే ముందు ఐదో చాప్టర్ మేడమే చెప్తారా అని అడగండి, ఆమె లేని బ్యాచ్ అయితే ఆగండి. ఆ ఏడాది కోడ్ పుస్తకం సొంతంగా కొనుక్కోండి, కోడర్ సర్టిఫికెట్ ఇచ్చే సీపీసీ పరీక్ష పుస్తకం చూసి రాసేదే కాబట్టి ఎలాగూ కావాలి, గైడ్‌లైన్స్ పీడీఎఫ్ అయితే అమెరికా ప్రభుత్వ సంస్థ సీఎంఎస్ వెబ్‌సైట్‌లో ఉచితంగా దొరుకుతుంది. పాఠానికి ఐదు స్టార్లు, ఆఫీసుకి రెండు.